ఉక్కపోతలో మామిడి ‘పై’

వెన్న మెత్తబడటానికి 20 డిగ్రీల వేడి చాలు. 32 దాటిందంటే కరగడం మొదలవుతుంది. చాక్లెట్‌కి ప్రాణమైన కోకో వెన్న 34 దగ్గర నీరైపోతుంది. మే నెలలో చెన్నై ఉత్తరపు అంచున ఉన్న తిరువొత్తియూరు వంటింట్లో స్టవ్ వెలిగించకముందే ఈ అంకెలన్నీ వెనకబడతాయి. 2003 మే నెలాఖరున చెన్నైలో 45 డిగ్రీలు నమోదయ్యాయి. అంత ఎండ ఏటా కాయదు కానీ, ఊరు సముద్రాన్ని ఆనుకునే ఉంది కాబట్టి తేమకు లోటుండదు. అరచేతి చెమట ఆరని చోట ‘చల్లటి వెన్నను చల్లటి చేతులతో పిండిలో కలపండి’ అని చెప్పే వీడియో చూస్తూ పండ్ల చాక్లెట్ పై చేయబోవడం సాహసమే.

చిక్కేమిటంటే ఆ సాహసం చేయాలనిపించేది కూడా సరిగ్గా ఆ రోజుల్లోనే. బంగినపల్లి బండి మీదికి వచ్చేది అప్పుడే మరి.

పై అంటే పెద్ద బ్రహ్మవిద్యేమీ కాదు. మైదాపిండితో అంచులున్న పళ్లెంలా ఒక అడుగు, దాన్ని కాల్చాక అందులో చాక్లెట్, ఆ పైన పండ్లు. కొందరు పైన పిండి మూత కూడా వేస్తారు, చాక్లెట్ ఉన్నప్పుడు మూత లేకపోతేనే బాగుంటుంది. కేకులా పొంగాల్సిన పని లేదు, బేకింగ్ పౌడర్ అక్కర్లేదు, గుడ్డు లేకుండానూ అవుతుంది. కష్టమంతా ఆ అడుగులో ఉంది. దాని కొలతలన్నీ గది వేడి 20 డిగ్రీలుండే దేశాల్లో పుట్టినవి. చెన్నైలో వాటిని ఉన్నవి ఉన్నట్టు పాటిస్తే పిండి ముద్ద జిడ్డుగా మారి అప్పడాల కర్రకు అంటుకుంటుంది. ఎలాగోలా అచ్చులో పరిచినా ఓవెన్‌లోకి వెళ్లగానే అంచులు జారి కుప్పకూలతాయి.

ఈ తంటా కొత్తది కాదు. మద్రాసులోని ఇంగ్లీషు దొరలూ పడ్డారు. అమెరికాలో చెరువుల మీద కోసిన మంచుగడ్డలను ఓడల్లో తెచ్చి దాచేందుకు మెరీనా ఒడ్డున ఐస్‌హౌస్ కట్టింది 1842లో. సైన్యంలో పనిచేసిన కెన్నీ హెర్బర్ట్ అనే అధికారి ‘వైవర్న్’ పేరుతో 1878లో మద్రాసు కోసమే ఒక వంటల పుస్తకం రాసి, చిన్న విందులకు 30 మెనూలు కూర్చాడు. ఐరోపా వంటను ఈ ఎండకు ఒప్పించడమే ఆయన తాపత్రయం. మంచుగడ్డ అమెరికా నుంచి రావాల్సిన అవసరం ఇప్పుడు లేదు, ఫ్రిజ్ ఉంది. ఎండ మాత్రం అదే.

ఉత్తరం నుంచి వచ్చే దారి

తిరువొత్తియూరుకు తెలుగుతో ఉన్న చుట్టరికం పాతది. ఇక్కడి త్రిపురసుందరి అమ్మవారి మీద త్యాగరాజు తెలుగులో ఐదు కీర్తనలు కట్టాడు. ఆయన శిష్యుడు వీణ కుప్పయ్యర్‌ది ఈ ఊరే. ఆ తర్వాత కాలంలో ఊరి నిండా కర్మాగారాలు వచ్చాయి. ఎమ్మారెఫ్ 1946లో ఇక్కడే ఒక షెడ్డులో బొమ్మ బెలూన్లు చేస్తూ పుట్టింది. ఎన్‌ఫీల్డ్ మోటార్‌సైకిళ్లు 1955 నుంచి ఇక్కడ తయారయ్యాయి. వెలగపూడి రామకృష్ణ ఉయ్యూరు చక్కెర మిల్లుతో నిలబెట్టిన కేసీపీ సంస్థ, చక్కెర మిల్లులకూ సిమెంటు ఫ్యాక్టరీలకూ కావాల్సిన భారీ యంత్రాలను ఈ ఊళ్లోనే చేయిస్తోంది. వంటింట్లో చెంచాడు పంచదార పడేసే ముందు ఎవరూ ఇంత దూరం ఆలోచించరనుకోండి.

ఈ పైకి కావాల్సిన సరుకుల్లో ముఖ్యమైనవి చాలావరకు ఉత్తరం నుంచి, ఆంధ్ర వైపు నుంచి దిగేవే. చాక్లెట్‌నే తీసుకోండి. డెయిరీ మిల్క్ చేసే మాండలీజ్ కంపెనీ 2016 ఏప్రిల్లో శ్రీసిటీలో ఫ్యాక్టరీ తెరిచింది. పెట్టుబడి 19 కోట్ల డాలర్లు. ఆసియా పసిఫిక్ ప్రాంతంలో తమకు అదే అతి పెద్దదని కంపెనీ అప్పట్లో చెప్పుకుంది. శ్రీసిటీ ఆంధ్రప్రదేశ్‌లో ఉన్నా చెన్నైకి 55 కిలోమీటర్లే, కోల్‌కతా హైవే మీద తడ దగ్గరే ఉంటుంది. 

చాక్లెట్‌కి మూలమైన కోకో గింజలదీ అదే దిక్కు. కోకో మొక్క మన దేశంలో మొదట నాటుకున్నది తమిళనాడు కుర్తాళంలో, 1798లో. కానీ అక్కడ అది పంటగా ఎదగలేదు. 1960ల్లో కేరళలో సాగు ఊపందుకుంది. ఇవాళ దిగుబడిలో మొదటి స్థానం ఆంధ్రప్రదేశ్‌ది. ఏలూరు, పశ్చిమ గోదావరి, కోనసీమ వైపు కొబ్బరి తోటల నీడలో, ఆయిల్‌పామ్ వరసల మధ్య అంతర పంటగా పెంచుతున్నారు. కాయను పగలగొట్టి, తెల్లటి గుజ్జుతో సహా గింజలను ఐదారు రోజులు పులియబెట్టి, ఎండలో ఆరబెడతారు. ఆ పులియబెట్టడంలోనే చాక్లెట్ రుచికి పునాది పడుతుంది. తొందరపడి మధ్యలో తీసి ఆరేస్తే వగరు మిగిలిపోతుంది. ఆ సంగతి పట్టుకునే చైతన్య ముప్పాల 2023లో హైదరాబాద్ బంజారాహిల్స్‌లో ‘మనం చాక్లెట్’ మొదలుపెట్టారు. గోదావరి వైపే పులియబెట్టిన గింజను వేయించి, నూరి చాక్లెట్ చేసే ఆ కార్ఖానాను టైమ్ పత్రిక 2024లో ప్రపంచంలో చూడదగ్గ గొప్ప ప్రదేశాల జాబితాలో చేర్చింది. అదే ఏడాది పశ్చిమాఫ్రికా పంట దెబ్బతిని కోకో ధర టన్ను 10 వేల డాలర్లు దాటింది. ఆ వేడి వంటింటి దాకా వచ్చి, 400 గ్రాముల డార్క్ చాక్లెట్ దిమ్మ కొనే చోట చాలామంది కాంపౌండ్ దిమ్మతో సరిపెట్టుకున్నారు.

కాంపౌండ్ సంగతి కొంచెం చెప్పుకోవాలి. అందులో కోకో వెన్న బదులు వేరే వంటకొవ్వు ఉంటుంది. చవక, చెన్నై ఎండకు తొందరగా జారదు, కరిగించడం తేలిక. అందుకే బేకరీ సరుకుల దుకాణాల్లో ముందు చేతికి ఇచ్చేది అదే. కానీ నాలుక మీద మైనంలా పేరుకుంటుంది. పైలో చాక్లెట్ ఉండేదే పలచటి పొర కాబట్టి, ఆ కాస్తలో పొదుపు చేయకపోవడమే మంచిది.

మిగతా సరుకుల కోసం మరీ తిరగక్కర్లేదు. తేరడి స్టేషన్‌లో మెట్రో ఎక్కి మన్నడిలో దిగితే ప్యారిస్ కార్నర్ వెనక వీధుల్లో అచ్చులు దొరుకుతాయి. ఒకప్పుడైతే పండ్లు కూడా ఆ దగ్గరే, కొత్వాల్ చావడిలో కొనేవాళ్లు. కన్యకాపరమేశ్వరి దేవస్థానం స్థలంలో నడిచిన ఆ బజారులో తెలుగు కోమట్ల మాటే చెల్లుబాటు. 1996లో టోకు వ్యాపారమంతా కోయంబేడుకు తరలింది.

గుల్లగా రావాలంటే

అసలు విషయానికి వద్దాం. విదేశీ వంటగాళ్లు వెన్నను చల్లగా ఎందుకు ఉంచమంటారు? పిండిలో వెన్న చిన్న చిన్న పలుకులుగా మిగలాలి. ఓవెన్‌లో ఆ పలుకులు కరిగినప్పుడు వాటిలోని నీరు ఆవిరై పిండిని పొరలు పొరలుగా విడదీస్తుంది. వెన్నలో దాదాపు ఆరో వంతు నీరే మరి. వెన్న ముందే కరిగిపోతే పొరలు రావు, పైగా ఆ నీళ్లు పిండిలోని గ్లూటెన్‌ను లేపి అడుగును సాగేలా చేస్తాయి. 

దీనికి విరుగుడు తెలుగింటి పండగ వంటలోనే ఉంది. కజ్జికాయల పిండి కలిపేటప్పుడు ఎవరూ నెయ్యిని చల్లార్చరు, కాచి వేడివేడిగా పోస్తారు. పిండంతా చేత్తో రుద్ది, పిడికిట్లో నొక్కితే ముద్ద నిలిచేలా ఉందో లేదో చూస్తారు. నెయ్యిలో నీరు ఉండదు, అది ప్రతి పిండి రేణువునూ కప్పేస్తుంది, కాబట్టి తర్వాత నీళ్లు చల్లినా గ్లూటెన్ పెద్దగా లేవదు. అందుకే కజ్జికాయ పొరలుగా విడిపోదు, గుల్లగా విరుగుతుంది. పై అడుగుకు ఇదే పద్ధతి పెడితే ఎండతో పోట్లాట ఉండదు. ఇంకో లాభమూ ఉంది. పొరల అడుగు పండ్ల రసాన్ని పీల్చుకుని మెత్తబడుతుంది, నెయ్యి పట్టిన గుల్ల అడుగు అంత తొందరగా నానదు. పాశ్చాత్య బేకర్లు కూడా రసం ఊరే పండ్లకు కింద ఇలాంటి పిండినే వాడతారు.

కొలతలు కష్టం కాదు. తొమ్మిదంగుళాల అచ్చుకు 200 గ్రాముల మైదా, 80 గ్రాముల నెయ్యి, 30 గ్రాముల పంచదార పొడి, చిటికెడు ఉప్పు, రెండు మూడు చెంచాల చల్లటి నీళ్లు. వెన్న అయితే 100 గ్రాములు పట్టేది, నెయ్యి అంతా కొవ్వే కాబట్టి 80 చాలు. పొరుగునే మాధవరంలో ఆవిన్ డెయిరీ ఉంది, ఉప్పులేని వెన్న తెచ్చి ఇంట్లో కాచుకుంటే వాసనకు తిరుగుండదు. ఈ పిండిని అప్పడాల కర్రతో ఒత్తే పని లేదు, వేళ్లతోనే అచ్చు అంతా సమంగా నొక్కాలి. అరగంట ఫ్రిజ్‌లో పెట్టి, ఫోర్కుతో అక్కడక్కడా పొడిచి, పైన బటర్ పేపర్ పరిచి పచ్చిశనగలు పోయాలి. అంచులు జారకుండా ఆ బరువు పట్టి ఉంచుతుంది. 180 డిగ్రీల దగ్గర పావుగంట కాల్చి, శనగలు తీసేసి ఇంకో పది నిమిషాలు. ఆ శనగలు కూరకు పనికిరావు, డబ్బాలో పోసి ప్రతిసారీ వాటినే వాడుకోవచ్చు.

ఓవెన్ లేనివాళ్లు ప్రెషర్ కుక్కర్‌లో ఉప్పు పోసి, గాస్కెట్, విజిల్ తీసేసి కాలుస్తారు. అడుగు బాగానే కాలుతుంది, అంచు మాత్రం ఎర్రబడదు. పైగా నీళ్లు లేకుండా అంతసేపు వేడెక్కితే కుక్కర్ పాడవుతుంది. పాతబడ్డ మందపాటి కడాయి, పైన గట్టి మూత నయం.

చాక్లెట్ తర్వాతే మామిడి

కాలిన అడుగు పూర్తిగా చల్లారాక కరిగించిన చాక్లెట్‌ను బ్రష్‌తో పలచగా పూయాలి. ఇది రుచి కోసమే కాదు. కొవ్వున్న ఆ పూత గట్టిపడితే రసం కిందికి దిగదు. చాక్లెట్ కరిగించేటప్పుడు మూత పెట్టకూడదు. మూత నుంచి జారే ఒక్క నీటి చుక్క చాలు, అందులోని పంచదార, కోకో రేణువులు ఒకదానికొకటి అతుక్కుని మొత్తం గిన్నె బిరుసెక్కిపోతుంది. అలా అయితే పారేయక్కర్లేదు, వేడి క్రీమ్ చెంచా చెంచా పోస్తూ తిప్పితే మళ్లీ నున్నగా దారికొస్తుంది. ఆ పూత పైన వేసే చాక్లెట్, క్రీమ్ మిశ్రమమైన గనాష్‌కి చల్లటి దేశాల్లో రెండూ సమంగా తీసుకుంటారు. చెన్నై వేసవిలో 200 గ్రాముల చాక్లెట్‌కి 100 మిల్లీలీటర్ల క్రీమ్ దాటితే కోసిన ముక్క నిలబడదు.

ఇక మామిడి. బంగినపల్లికి 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, పీచు లేని గట్టి కండ కాబట్టి ముక్కలు చితకవు. రెండు పెద్ద పళ్లలో ఒకదాన్ని గుజ్జు చేసి, రెండు చెంచాల పంచదార, నిమ్మరసం, చెంచాన్నర కార్న్‌ఫ్లోర్ కలిపి కుతకుతలాడేదాకా ఉడికించాలి. ఉడుకు రాకుండా దించేస్తే కాసేపటికి నీరు వదిలేస్తుంది. చల్లారాక రెండో పండు ముక్కలు కలిపి చాక్లెట్ మీద పరవాలి. పుల్లటి మామిడికి 70 శాతం డార్క్ చాక్లెట్ చేదుగా తగులుతుంది, 55 శాతంది నప్పుతుంది. నెయ్యి వాసన మామిడితో కుదురుతుంది. అదే అడుగు మీద స్ట్రాబెర్రీ పెడితే మాత్రం నెయ్యి మింగేస్తుంది, అప్పుడు వెన్నే వాడాలి.

పైన ఎర్రటి చెర్రీ పెట్టాలనిపిస్తే ఒక మాట. మన బేకరీల్లో చక్కెర పాకంలో మెరిసే ఆ చెర్రీల్లో చాలావరకు వాక్కాయలే, పప్పులో వేసుకునేవే. రంగూ పాకమూ పట్టించి సీసాకెక్కిస్తారు. టూటీ ఫ్రూటీ అలాగే పచ్చి బొప్పాయి ముక్క.

ఇంట్లో చేసి అపార్ట్‌మెంట్ గ్రూపుల్లో అమ్మేవాళ్లూ ఉన్నారు. 2011 నాటి ఆహార భద్రతా నిబంధనలు ఏడాదికి 12 లక్షల లోపు వ్యాపారమైతే లైసెన్సు బదులు రిజిస్ట్రేషన్ చాలన్నాయి. 2025 సెప్టెంబరులో చాక్లెట్ మీద జీఎస్టీ 18 నుంచి, వెన్న, నెయ్యి మీద 12 నుంచి 5 శాతానికి తగ్గింది. అమ్మడంలో అసలు చిక్కు ప్యాకింగ్‌ది. ఫ్రిజ్ నుంచి తీసిన పై మీద ఈ తేమకు నిమిషాల్లో నీటి బొట్లు పడతాయి, అవి ఆరాక చాక్లెట్ మీద పంచదార తెల్లటి మచ్చలుగా తేలుతుంది. పాడైనట్టు కాదు కానీ కొన్నవాళ్లు ఫోన్ చేస్తారు. డబ్బా మూత గట్టిగా బిగించి ఫ్రిజ్‌లో పెట్టి, బయటికి తీశాక డబ్బా బయటి చెమ్మ ఆరేదాకా మూత తీయకపోతే ఆ గొడవ ఉండదు. ఎలా దాచినా రెండు రోజుల్లో తినేయాల్సిందే.

జూలై దాటాక బంగినపల్లి దొరకదు. అప్పుడు తమిళనాడులోని కంబం లోయ పన్నీరు ద్రాక్ష ఉంది, అది ఏడాది పొడవునా కాస్తుంది. గింజలు తీయడానికి ఓపిక కావాలి, అంతే. అరటిపండైతే ఇంకా తేలిక, గుజ్జు ఉడికించే పనే లేదు. కాకపోతే కోసిన ముక్క నల్లబడకముందే గనాష్ కింద దాచేయాలి.