పసిఫిక్ గట్టున అయిదుగురు

జంషెడ్‌పూర్ తూర్పు భాగాన, సువర్ణరేఖా నదికి దగ్గరగా ఉన్న పేట సిద్ధగోరా. అక్కడికి కొద్ది దూరంలోనే గోల్మురి. 1920లో స్థాపితమైన టిన్‌ప్లేట్ కంపెనీ వల్ల ఆ పేటకు పేరొచ్చింది. కంపెనీ నీడన ఒక క్లబ్బూ, క్లబ్బు నీడన ఒక గోల్ఫ్ మైదానమూ వెలిశాయి. ఊళ్లో బెల్డీ క్లబ్బు దగ్గర ఇలాంటిదే మరొకటి ఉంది. వృత్తి క్రీడాకారుల పోటీలు జంషెడ్‌పూర్‌లో జరిగినప్పుడు సగం ఆట ఒక మైదానంలోనూ, మిగతా సగం రెండో మైదానంలోనూ ఆడించిన సందర్భాలున్నాయి. ఊరికి గోల్ఫ్ అంత పాత పరిచయం. అయితే ఉక్కు కర్మాగారంలో పనికోసం ఉత్తరాంధ్ర నుంచీ గంజాం నుంచీ తరలి వెళ్లిన తెలుగు కుటుంబాలలో చాలామందికి ఈ ఆట కంచె ఇవతలి నుంచి చూసిన ఆట మాత్రమే.

మన దేశంలో గోల్ఫ్ ఆడినవారు ఎవరు? సైనికాధికారులు, కంపెనీ పెద్దలు, తేయాకు తోటల యజమానులు. వీరితోపాటు వీరి సంచులు మోసి, మోస్తూ మోస్తూ ఆట నేర్చి, చివరకు వీరినే ఓడించిన కుర్రవాళ్లు కొందరు. జంషెడ్‌పూర్ వంటి ఊళ్లో ఆటను పోషించే బాధ్యత కంపెనీ తీసుకుంది. అక్కడ 1987లో ఫుట్‌బాల్‌కు, 1996లో విలువిద్యకు శిక్షణాలయాలు నెలకొన్నాయి. ఈ కథలో ఎక్కడా విశ్వవిద్యాలయం కనిపించదు. మన కళాశాలల్లో ఆట చదువుకు అడ్డు. మహా అయితే ధ్రువపత్రం మీద ఒక అదనపు పంక్తి.

అమెరికాలో పరిస్థితి దీనికి పూర్తిగా భిన్నం. అక్కడ విశ్వవిద్యాలయాల మధ్య గోల్ఫ్ పోటీలు 1897లోనే మొదలయ్యాయి. తొలి దశాబ్దాలలో ఏల్ విశ్వవిద్యాలయానికి ఎదురు లేకపోయింది. 1943 నాటికి ఆ జట్టు 21 సార్లు విజేతగా నిలిచింది. ఆ తరువాతి యుగం టెక్సస్ రాష్ట్రంలోని హ్యూస్టన్‌ది. అక్కడ రసాయన ఇంజనీరింగ్ బోధించే డేవ్ విలియమ్స్ చేతికి 1950ల ఆరంభంలో గోల్ఫ్ జట్టు వచ్చింది. 1956 నుంచి 1985 వరకు గడచిన ముప్ఫై ఏళ్లలో ఆయన జట్టు 16 సార్లు జాతీయ విజేత అయింది. ఆటగాళ్లు నాలుగేళ్లకొకసారి మారిపోతారు, గురువు మాత్రం ఉంటాడు. విశ్వవిద్యాలయ క్రీడలోని రహస్యం ఇదేనని విలియమ్స్ జీవితం నిరూపించింది. తరువాత ఓక్లహోమా స్టేట్ జట్టు ముందుకొచ్చింది. 2025 నాటికి అది 12 సార్లు గెలిచింది. స్టాన్‌ఫర్డ్ సంగతి వేరే చెప్పనక్కరలేదు. టైగర్ వుడ్స్ వృత్తి క్రీడలోకి రాకముందు చదివినది అక్కడే.

ఈ మహావృక్షాల మధ్య పెప్పర్‌డైన్ ఒక చిన్న మొక్క. మోటారు విడిభాగాల వ్యాపారంలో ధనం గడించిన జార్జ్ పెప్పర్‌డైన్ అనే దైవభక్తుడు 1937లో లాస్ ఏంజిలిస్‌లో స్థాపించిన కళాశాల అది. 1972లో దాని ప్రధాన ఆవరణ మాలిబు కొండలమీదికి మారింది. కొండ కింద పసిఫిక్ మహాసముద్రం. అక్కడి జట్లకు పెట్టుకున్న పేరు 'వేవ్స్', అంటే అలలు. పెద్ద రాష్ట్ర విశ్వవిద్యాలయాలలో ముప్ఫై నలభై వేలమంది చదువుతుంటే, ఇక్కడ పట్టభద్ర తరగతుల విద్యార్థులు కొద్ది వేలమందే. అయినా 1997లో ఇల్లినాయ్ రాష్ట్రంలోని కాన్వే ఫార్మ్స్ మైదానంలో ఈ చిన్న కళాశాల వేక్ ఫారెస్ట్ వంటి దిగ్గజాన్ని మూడు దెబ్బల తేడాతో వెనక్కు నెట్టి జాతీయ విజేత అయింది. అప్పటి శిక్షకుడు జాన్ గైబర్గర్. వృత్తి పోటీలలో ఒక రౌండును 59 దెబ్బలలో ముగించిన మొట్టమొదటి మనిషి ఆల్ గైబర్గర్‌కు ఆయన కుమారుడు.

గోల్ఫ్ ఒంటరి ఆట కదా, ఇందులో జట్టు ఏమిటని పాఠకులు సందేహించవచ్చు. జట్టుకు అయిదుగురు ఆడతారు. ఒక్కొక్క రౌండులో వారిలో ఉత్తమమైన నాలుగు లెక్కలను కూడి జట్టు లెక్కగా తీసుకుంటారు. ఒకడు తడబడితే మిగిలిన నలుగురు ఆదుకోవచ్చు; ఇద్దరు తడబడితే దాచుకునే చోటు లేదు. 2009 నుంచి జాతీయ పోటీ చివరి ఘట్టాన్ని మరింత ఉత్కంఠభరితం చేశారు. మొదటి ఎనిమిది జట్లు ముఖాముఖి తలపడతాయి. అయిదుగురికి అయిదుగురు ప్రత్యర్థులు. మూడు ఆటలు గెలిచిన జట్టుదే విజయం. తాను గెలిచినా తన జట్టు ఓడిపోవచ్చు. ఒంటరిగా పెరిగిన ఆటగాడికి ఇంతకంటె కఠినమైన పాఠం మరొకటి ఉండదు.

ఈ జట్టులోకి 2015లో ఒక తెలుగు కుర్రవాడు చేరాడు. పేరు సాహిత్ తీగల.

అతడి తండ్రి 1987లో హైదరాబాదు నుంచి పైచదువుకు అమెరికా వెళ్లినవాడు. అక్కడే స్థిరపడి, టెలివిజన్‌లో గోల్ఫ్ చూసి ముచ్చటపడ్డాడు. కొడుకు 1997 డిసెంబరులో పుట్టాడు, అంటే పెప్పర్‌డైన్ తొలిసారి గెలిచిన ఏడాదే. యాదృచ్ఛికమే అయినా కథకు పనికివచ్చే యాదృచ్ఛికం. కుటుంబం కాలిఫోర్నియాలోని చీనో హిల్స్‌లో ఉండేది. పక్క ఊరు చీనోలో ఎల్ ప్రాడో అనే మైదానం ఉంది. అది గోల్మురి వలె క్లబ్బు మైదానం కాదు. రుసుము చెల్లించి ఎవరైనా ఆడుకోవచ్చు. బాలుడి చదువంతా ఆ గడ్డిమీదనే సాగింది. వెన్నెముక కాస్త వంకర తిరిగి ఉండే స్కోలియోసిస్ అనే లోపం అతడికి ఉంది. బంతిని కొట్టేటప్పుడు ఆ శరీరం మెలితిరిగే తీరు పాఠ్యగ్రంథాలలో కనిపించదు. శిక్షకులు దాన్ని సరిదిద్దబోలేదు. ఎవరి నడక వారిదని వదిలేసిన గురువులు దొరకడం కూడా ఒక అదృష్టమే.

పెప్పర్‌డైన్‌లో అప్పటి శిక్షకుడు మైకేల్ బియర్డ్ స్వయంగా ఆ విశ్వవిద్యాలయపు పూర్వ విద్యార్థి. ఆయన చేతుల్లో జట్టు మెల్లమెల్లగా బలపడింది. సాహిత్ మొదటి మూడేళ్లూ బాగానే ఆడాడు. నాలుగో ఏడు మణికట్టు దెబ్బతిన్నది. 2018–19 క్రీడా సంవత్సరమంతా కర్ర పట్టకుండా కూర్చోవలసి వచ్చింది. ఇరవై ఒకటేళ్ల ఆటగాడికి మణికట్టు గాయమంటే సంగీత విద్వాంసుడికి గొంతు పోయినంత భయం. విశ్వవిద్యాలయ నియమాల ప్రకారం ఆ ఏడాది లెక్కకు రాదు. కాబట్టి అతడికి మరొక్క ఏడాది మిగిలింది.

ఆ ఏడాది అతడు ఆడిన ఆటను అమెరికన్ పత్రికలు వేనోళ్ల కొనియాడాయి. 2020 మార్చి నాటికి పెప్పర్‌డైన్ దేశంలోని జట్ల జాబితాలో అగ్రస్థానానికి చేరింది. ఇరవై మూడేళ్ల తరువాత మళ్లీ విజేత అయ్యే అవకాశం చేతికందేంత దూరంలో ఉంది.

మార్చి 12న జాతీయ విశ్వవిద్యాలయ క్రీడా సంఘం ఆ శీతకాలపు, వసంతకాలపు జాతీయ పోటీలన్నిటినీ రద్దు చేసింది. కొవిడ్ మహమ్మారి లోకాన్ని కమ్ముకుంటున్న రోజులవి. ఓడిపోతే ఏడవవచ్చు, గెలిస్తే గంతులు వేయవచ్చు. ఆడనే ఆడని పోటీకి ఏం చేయాలి? ఆ వసంతంలో ఎన్నో దేశాలలో ఎన్నో ఇళ్లలో అంతకంటె పెద్ద దుఃఖాలే ఉన్నాయి. అయినా ఒక కుర్రవాడికి అతడి దుఃఖం అతడిదే.

ఆ వేసవిలో అతడికి బిరుదులు వరుసకట్టాయి. హాస్కిన్స్, బెన్ హోగన్, జాక్ నిక్లస్ పేర్లతో ఏటా ఉత్తమ విశ్వవిద్యాలయ గోల్ఫ్ క్రీడాకారుడికి ఇచ్చే మూడు పురస్కారాలూ ఒకే ఏడాది అతడినే వరించాయి. అంతకు ముందు ఆ మూడింటినీ ఒకేసారి అందుకున్నవారు నలుగురే. రద్దయిన ఏడాదికి బదులుగా మరొక ఏడాది ఆడే అవకాశాన్ని క్రీడా సంఘం విద్యార్థులకు కల్పించింది. సాహిత్ ఆగి ఉంటే జట్టుకు జాతీయ విజయం దాదాపు ఖాయమని చాలామంది భావించారు. అతడు ఆగలేదు, 2020 జూన్‌లో వృత్తి క్రీడాకారుడయ్యాడు. అప్పటికే అయిదేళ్లు గడిచాయి. పై మెట్టు ఎక్కవలసినవాడు కింది మెట్టు మీద ఎంతకాలం నిలబడతాడు?

మిగిలిన కుర్రవాళ్లు మాత్రం ఆగారు. 2021 జూన్ ఆరంభంలో, అరిజోనా ఎడారి ఎండలో, స్కాట్స్‌డేల్ నగరంలోని గ్రేహాక్ మైదానంలో పెప్పర్‌డైన్ జట్టు తుదిపోటీలో ఓక్లహోమా విశ్వవిద్యాలయాన్ని ఎదుర్కొంది. విలియం మావ్, జో హైస్మిత్, క్లే ఫీగ్లర్, డిలన్ మెనాంటి, జోయీ వర్జిచ్. ఈ అయిదుగురిలో ఒక్కడూ అప్పటికి లోకానికి తెలిసినవాడు కాడు. అయిదు ఆటలలో మూడు గెలిచి, రెండు ఓడి, 24 ఏళ్ల తరువాత వారు కప్పును మాలిబు కొండమీదికి తీసుకువెళ్లారు. గెలిచిన అయిదుగురిలో సాహిత్ పేరు లేదు. తమ కంటె మెరుగైనవాడు వెళ్లిపోయాక జట్టు గెలిచిందంటే, అతడు ఉన్నప్పుడు మిగతావారు అతడి చాటున నిలబడి ఊరుకోలేదన్నమాట.

విధి ఎంత కొంటెదో చూడండి. ఎనిమిది నెలలు తిరిగేసరికి, 2022 ఫిబ్రవరిలో, అదే స్కాట్స్‌డేల్ నగరంలో సాహిత్ ఒక పెద్ద వృత్తి పోటీ చివరి రోజున గెలుపు అంచున నిలిచాడు. పదిహేడో గుంట దగ్గర అతడు కొట్టిన బంతి నేలను తాకి ఎడమకు దొర్లి నీళ్లలో పడింది. ఒక్క దెబ్బ తేడాతో గెలుపు చేజారింది. ఆట ముగిశాక తల్లిదండ్రులను కౌగిలించుకుని అతడు కంటతడి పెట్టుకోవడం ఎందరో టెలివిజన్‌లో చూశారు. ఓడినవాడికి ఆ రోజు దొరికినంత అభిమానం గెలిచినవాడికి కూడా దొరకలేదంటే అతిశయోక్తి కాదు. మరుసటి ఏడు, 2023లో, ప్రపంచ ప్రసిద్ధమైన మాస్టర్స్ పోటీలో తొలిసారి ఆడి మొదటి పదిమందిలో నిలిచాడు. అదే ఏడు సెప్టెంబరులో కాలిఫోర్నియాలోని నాపాలో, రెండు దెబ్బల ఆధిక్యంతో, తొలి గెలుపు అందుకున్నాడు.

అతడి ఆటను గురించి తలచుకున్నప్పుడు ఈ గెలుపు కంటె ఒక ఇసుక పల్లమే ఎక్కువగా గుర్తుకు వస్తుంది. 2024 ఆగస్టు నెలాఖరున అట్లాంటాలోని ఈస్ట్ లేక్ మైదానంలో ఆ ఏటి చివరి పోటీ, టూర్ ఛాంపియన్‌షిప్, జరుగుతున్నది. మూడో రోజు, మూడో గుంట. బంతి బంకరు అనే ఇసుక పల్లంలో పడింది. బంతిని కొట్టబోయేముందు, కర్రను వెనక్కు ఎత్తేటప్పుడు, అది ఇసుకను తాకకూడదని నియమం. కర్ర కొస ఇసుకను రవ్వంత తాకిందని సాహిత్‌కు అనిపించింది. మరెవరూ గమనించలేదు. అతడే న్యాయనిర్ణేతను పిలిచి చెప్పాడు. రెండు దెబ్బల దండన పడింది. ఆ రోజు అతడు దండనతో కలిపి 66 దెబ్బలలో రౌండు ముగించాడు.

మర్నాడు పోటీ ముగిసేసరికి అతడిది మూడో స్థానం. రెండో స్థానంలో నిలిచిన కొలిన్ మొరికావాకూ అతడికీ తేడా సరిగ్గా రెండు దెబ్బలు. రెండో స్థానానికి బహుమతి కోటీ ఇరవై అయిదు లక్షల డాలర్లు. మూడో స్థానానికి డెబ్భై అయిదు లక్షలు. ఇద్దరూ సమానంగా నిలిచి ఉంటే ఆ రెండు మొత్తాలనూ కలిపి చెరిసగం పంచుకునేవారు. అంటే ఆ ఇసుక రేణువుల విలువ పాతిక లక్షల డాలర్లు. గోల్ఫ్‌లో ఇటువంటి నిజాయితీ కొత్తేమీ కాదు. ఆట పుట్టినప్పటి నుంచి ఆటగాడే తన మీద తాను కాపలా. కాని ఇంత పెద్ద మొత్తం తూకంలో ఉన్నప్పుడు కాపలావాడు కునుకు తీయకపోవడం విశేషమే. ఆ సెప్టెంబరులో, కెనడాలో జరిగిన ప్రెసిడెంట్స్ కప్పులో అమెరికా జట్టు తరఫున అతడు ఆడాడు. ఆ జట్టు గెలిచింది. విశ్వవిద్యాలయంలో దక్కకుండా పోయిన జట్టు గెలుపు ఆ విధంగా దేశం పేరున దక్కింది.

స్కాట్స్‌డేల్‌లో గెలిచిన అయిదుగురిలో ఇద్దరు ఆ తరువాత వృత్తి పోటీలలో పేరు తెచ్చుకున్నారు. జో హైస్మిత్ 2025 మార్చిలో ఫ్లోరిడాలోని కాగ్నిజెంట్ క్లాసిక్ గెలిచాడు. అదే ఏడు జులైలో విలియం మావ్ ఐఎస్‌సీఓ ఛాంపియన్‌షిప్ గెలిచాడు. మావ్ స్వస్థలం చీనో. సాహిత్ చిన్ననాడు బంతి కొట్టిన ఎల్ ప్రాడో మైదానం ఉన్న ఊరు.