ఒరలో రెక్కలు

తొలకరి జల్లులకు తుమ్మచెట్లు చిగిర్చే రోజుల్లో జీరంగి వస్తుంది. తెలంగాణ పల్లెల్లో దాని పేరు అది. ఇంకొన్ని చోట్ల బంగారు పురుగు. అగ్గిపెట్టెలో లేత తుమ్మాకు పరిచి దాన్ని సాకిన పిల్లలు, అది గుడ్లు పెడితే ఊరంతా చెప్పుకున్న పిల్లలు ఇప్పుడు పెద్దవాళ్లయి ఎక్కడెక్కడో ఉన్నారు. ఎండ తగిలితే దాని ఒళ్లు పచ్చగా మెరుస్తుంది, కాస్త పక్కకు వాలితే ఆ పచ్చదనంలోంచే వేరే రంగు తొంగిచూస్తుంది. కొమ్మ చివరికి పాకి కాసేపు ఆగుతుంది. ఉన్నట్టుండి దాని వీపు నడిమికి నిలువునా విచ్చుకుంటుంది. రెండు పెంకులూ పైకి లేస్తాయి. వాటి అడుగున, అంతవరకూ ఉన్నాయని కూడా తెలియని పలుచటి పొర రెక్కలు సాగి బయటికొస్తాయి. గుయ్యిమంటూ పురుగు గాలిలోకి లేస్తుంది.

దాన్ని ఎగరేసేవి ఆ పొర రెక్కలే. మరి పైనున్న పెంకులు? అవీ రెక్కలే. ఎగిరే పని వదిలేసి, వెనక రెక్కలకు కాపలాగా గట్టిపడిన ముందు రెక్కలు. కీటకశాస్త్రంలో కోలియాప్టెరా అనే మాట చెప్పేది ఇదే. గ్రీకులో కోలియోస్ అంటే కత్తి పెట్టుకునే ఒర, ప్టెరాన్ అంటే రెక్క. మన వ్యవసాయ పుస్తకాలు పెంకుపురుగులు అంటాయి. గట్టిపడిన ఆ ముందు రెక్కల జతకు శాస్త్రం పెట్టిన పేరు ఎలిట్రా.

కోలియాప్టెరా అన్న మాట చాలా పాతది. క్రీస్తుకు పూర్వం నాలుగో శతాబ్దంలో అరిస్టాటిల్ జంతువుల గురించి రాస్తూ, పేడపురుగు వంటి వాటి రెక్కలు ఒరలో ఉంటాయని గమనించి వాటిని వేరుగా చెప్పాడు. సూక్ష్మదర్శిని ఊహలో కూడా లేని కాలంలో, ఒట్టి కంటితో చూసి పట్టుకున్న తేడా అది. స్వీడన్ శాస్త్రవేత్త కార్ల్ లినేయస్ ఆ పేరునే తీసుకున్నాడు. 1758లో వెలువడిన 'సిస్టమా నేచురే' పదో కూర్పులో కీటకాలను ఏడు క్రమాలుగా పంచి, కోలియాప్టెరాను మొదట నిలబెట్టాడు. ఏడింటికీ ఆయన పెట్టుకున్న గుర్తు రెక్కే. సీతాకోకచిలుకలకు పొలుసుల రెక్కలు, ఈగలకు రెండే రెక్కలు, కందిరీగలకు పొర రెక్కలు, చివరి క్రమానికి రెక్కలే లేవు. అయితే ఒరల గుంపులో ఆయన బొద్దింకలను, మిడతలను కూడా చేర్చాడు. వాటి ముందు రెక్కలూ కాస్త మందంగా, తోలులా ఉంటాయి మరి. తర్వాతివాళ్లు వాటిని అందులోంచి తీసి వేరే క్రమాల్లో పెట్టారు. పేరు మాత్రం చెక్కుచెదరలేదు.

లినేయస్ శిష్యుల్లో ఒకరు మన కాకినాడ దాకా వచ్చారు. యోహాన్ గెర్హార్డ్ కోనిగ్ 1768లో తరంగంబాడి డేనిష్ స్థావరానికి వైద్యుడిగా చేరి, ఆ తర్వాత ఆర్కాటు నవాబు కొలువులోనూ ఈస్టిండియా కంపెనీలోనూ పనిచేశాడు. మొక్కలూ పురుగులూ సేకరిస్తూ తిరిగి, 1785లో కాకినాడ జగన్నాథపురంలో కన్నుమూశాడు. లినేయస్ మరో శిష్యుడు ఫాబ్రిషియస్ ఒక పురుగుకు కోనిగ్ పేరు పెట్టాడు. పత్తికాయల మీద గుంపులుగా చేరే ఎర్రటి పురుగు అది, శాస్త్రీయంగా డిస్‌డెర్కస్ కోనిగీ. ఆదిలాబాద్ నుంచి గుంటూరు దాకా పత్తి వేసిన ఏ రైతూ దాన్ని చూడకుండా ఉండడు.

ఆ ఎర్ర పురుగు పెంకుపురుగు కాదు. ఎలా తెలుస్తుంది? వీపు చూస్తే తెలుస్తుంది. పెంకుపురుగు వీపు మీద రెండు ఒరలూ అంచుకు అంచు కలిసి నిట్టనిలువుగా ఒకే గీత గీస్తాయి. పత్తి మీది ఎర్ర పురుగు రెక్కలు ఒకదాన్నొకటి దాటుకుని, వీపు మీద కత్తెర గుర్తు పడుతుంది. బొద్దింకకు ఒక రెక్క మీద ఇంకోటి ఎక్కి ఉంటుంది. నోరు కూడా సాక్ష్యం చెబుతుంది. పెంకుపురుగు కొరికి నములుతుంది, ఎర్ర పురుగు గొట్టంతో రసం పీలుస్తుంది. ఇక ఆరుద్ర కార్తెలో తడిమట్టి మీద ఎర్ర ముఖమల్ తొడుక్కుని నడిచే ఆరుద్ర పురుగు అసలు కీటకమే కాదు. దాని కాళ్లు లెక్కపెట్టండి, ఎనిమిదుంటాయి. అది సాలీడుకు చుట్టం.

ఇంత చిన్న గుర్తు కింద ఎంత పెద్ద లోకముందో తలచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్లు పులకరిస్తుంది. ఇప్పటివరకు పేరు పెట్టిన కీటక జాతులు సుమారు 10 లక్షలయితే, వాటిలో 4 లక్షల దాకా పెంకుపురుగులే. భూమ్మీద పక్షి జాతులన్నీ కలిపి 11 వేలు. జీరంగి, పేడపురుగు, మిణుగురు, బియ్యంలో ముక్క పురుగు, పెసలను తొలిచే పుచ్చు పురుగు, వేరుశెనగ చేలో పేనుబంకను తినిపెట్టే అక్షింతల పురుగు, కొబ్బరి మొవ్వులోకి దూరే కొమ్ము పురుగు, అన్నీ ఒకే ఒర కింది బంధువులు.

ఇంతమంది ఎలా అయ్యారు? కారణాలు చాలా చెబుతారు. పూల మొక్కలతో కలిసి పెరగడం ఒకటి. పిల్లపురుగు దశ నుంచి రెక్కల దశకు పూర్తిగా మారే జీవితం మరొకటి. కానీ ఒరను చూడకుండా ఆ జవాబు పూర్తికాదని నా నమ్మకం. తూనీగను చూడండి. గాలిలో దానికి సాటి లేదు, కానీ నాలుగు రెక్కలూ ఎప్పుడూ బయటే. రాతి సందులో దూరలేదు, పేడలో తవ్వలేదు. రెక్కలు ఒరలో దాచుకున్న పురుగుకు ఈ అడ్డు లేదు. కోనసీమ తోటల్లో కొమ్ము పురుగు రెండు ఆకుల మధ్య బిగుసుకున్న మొవ్వును కొరుక్కుంటూ లోపలికి పోతుంది. కొన్నాళ్లకు ఆకు విచ్చుకుంటే కత్తెర పట్టి కోసినట్టు ఉంటుంది. అంత ఇరుకులో దూరి, బయటికొచ్చి, చిరుగు లేని రెక్కలతో ఇంకో చెట్టుకు ఎగిరిపోతుంది. రైతుకు అది కడుపుకోత. ఆ బాధను తక్కువ చేయను. కానీ ఆ బాధకు మూలంలో ఉన్నది ఈ ఒరే.

నీళ్లలో ఒర ఇంకో పనికొస్తుంది. చెరువుల్లో ఈదే పెంకుపురుగులు కొన్ని తోక చివర నీటిపైకి పెట్టి ఒర కిందికి గాలి పట్టుకుంటాయి. ఊపిరి రంధ్రాలు అక్కడే తెరుచుకుంటాయి కాబట్టి ఆ గాలితో మళ్లీ అడుక్కి దిగుతాయి. ఎడారిలో కథ తిరగబడుతుంది. ఆఫ్రికాలోని నమీబ్ ఎడారిలో కొన్ని పెంకుపురుగుల ఒరలు ఒకటిగా అతుక్కుపోయాయి, ఎగరడం పోయింది. కానీ ఒర కింద మిగిలిన ఖాళీ ఒంట్లో తడిని ఆరిపోకుండా కాపాడుతుంది. అట్లాంటిక్ మీంచి పొగమంచు వచ్చిన తెల్లవారుజామున ఓనిమాక్రిస్ అనే పురుగు ఇసుకతిన్నె మీద తలకిందులుగా నిలబడుతుంది. మంచు వీపు మీద బొట్లు కట్టి నోటి దాకా జారుతుంది. అదే దాని తాగునీరు.

కాలిఫోర్నియా వైపు ఇంకొకటుంది, ఇనుప పెంకుపురుగు అనొచ్చు. దాని ఒరలు రెండూ ఒకదాని అంచు మరొకదానిలోకి చొచ్చుకుని బిగుసుకున్నాయి. తన బరువుకు 39 వేల రెట్లు భారం మోపినా నలగలేదని 2020లో పరిశోధకులు కొలిచి చెప్పారు. సేకరణకర్తలు దానికి గుండుసూది గుచ్చలేక ముందు రంధ్రం తొలుస్తారు. అదీ ఎగరదు.

ఎగిరేవాటిలో నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది అక్షింతల పురుగు. కందిగింజంత ఒంటి మీద ఎర్రటి ఒర, దాని మీద నల్ల చుక్కలు. లోపలి రెక్కలు ఆ ఒరకంటే పొడవు. దిగగానే వాటిని లోపలికి సర్దుకోవాలి, పెద్ద పట్టుచీరను చిన్న పెట్టెలో పెట్టినట్టు. చేతులు లేవు, పైగా ఆ మడత ఒర మూసుకున్నాకే పడుతుంది కాబట్టి ఎవరికీ కనిపించేది కాదు. టోక్యో విశ్వవిద్యాలయ బృందం 2017లో ఒక ఉపాయం చేసింది. ఏడు చుక్కల పురుగుకు ఒక ఒరను తీసేసి, గోళ్ల అలంకరణకు వాడే పారదర్శకమైన రెసిన్‌తో అదే ఆకారంలో కిటికీ ఒర చేసి అతికించింది. వేగంగా చిత్రాలు తీసే కెమెరా ముందు రహస్యం బయటపడింది. పురుగు పొట్టను పైకీ కిందికీ ఆడిస్తూ రెక్కను లోపలికి లాక్కుంటుంది, ఒర లోపలి వంపూ అంచూ ఆ రెక్కను సరైన గీతల దగ్గర మడుస్తాయి. ఒర ఉన్నది మూయడానికే అనుకున్నాం. మడిచేది కూడా అదే.

ఈ పురుగును చేలో చూసి గాబరాగా మందు కొట్టేవాళ్లను చూస్తే బాధేస్తుంది. పేనుబంకను అది తింటుంది, దాని పిల్లపురుగు కూడా తింటుంది. పురుగు అన్న ఒక్క మాటతో అన్నిటినీ ఒకే గాటన కట్టొద్దు.

మళ్లీ జీరంగి దగ్గరికి. దాని మెరుపు రంగుపొడి వల్ల వచ్చింది కాదు. ఒరలో ఒకదాని మీద ఒకటి పేర్చినట్టు అతి పలుచని పొరలుంటాయి. వాటి నుంచి వెనక్కి వచ్చే వెలుగులో కొన్ని రంగులు బలపడతాయి, కొన్ని అణగిపోతాయి. పురుగు చచ్చినా పొరలు పోవు, మెరుపూ పోదు. జపాన్‌లో నారా దగ్గర హోర్యూజీ ఆలయంలో ఏడో శతాబ్దపు చిన్న మందిరమొకటి ఉంది. దాని మీద ఇటువంటి పురుగుల ఒరలే తాపడం చేశారు, కొన్ని ఇంకా మిగిలున్నాయి. పందొమ్మిదో శతాబ్దంలో హైదరాబాద్, మద్రాసు కళాకారులు పలుచని మస్లిన్ మీద జరీతో పాటు ఈ ఒరలను కుట్టేవారు. 1903 ఢిల్లీ దర్బారు సందర్భంగా వైస్రాయ్ కర్జన్ భార్య వేసుకున్న నెమలి గౌనులో ప్రతి ఈక నడుమా మెరిసింది పెంకుపురుగు ఒరే. చూసినవాళ్లు పచ్చలనుకున్నారట.

ఈ ఒర అసలు రెక్కేనన్నది జన్యువుల్లోనూ కనిపించింది. ప్రయోగశాలలో అందుకు తోడ్పడింది మన వంటింటి పిండి డబ్బాల్లో చేరే ఎర్ర పిండి పురుగు. దాని వెనక రెక్కలు పొరలా పలుచగా ఉండటానికి అల్ట్రాబైథొరాక్స్ అనే జన్యువు కావాలి. 2005లో అమెరికా శాస్త్రవేత్తలు ఎదుగుతున్న పురుగులో ఆ జన్యువు పనిని అణచారు. వెనక రెక్కలు కూడా ఒరలుగా గట్టిపడ్డాయి. ఈగల్లో ఇదే జన్యువు వెనక రెక్కలను మార్చి, ఎగిరేటప్పుడు నిలకడ తప్పకుండా చూసే చిన్న బుడిపెలుగా చేస్తుంది. పెంకుపురుగులో మాత్రం అది వెనక జతను రెక్కగానే ఉంచుతుంది. అది లేకపోతే రెండు జతలూ ఒరలే అవుతాయి.