అందరికీ ఒకే వంట

ఇంటిల్లిపాదీ కలిసి తినే చోట ఒక్కరు మాత్రం వేరే తిండి తినవలసి రావడం చిన్న సంగతిలా కనబడుతుంది. తినేవారికి అది చిన్నది కాదని మేము ఆలస్యంగా తెలుసుకున్నాము.

మా మామగారికి గుండెజబ్బు వచ్చాక నూనె, కొవ్వు బాగా తగ్గించాలని డాక్టరుగారు చెప్పారు. ఆనాటినుండి ఆయనకు ఉడకబెట్టిన కూరలు, మాకు చేపల వేపుడు. కొన్నాళ్ళకు ఆయన, "మీరు తినండమ్మా, నేను తరువాత తింటాను" అనడం మొదలుపెట్టారు. తరువాత ఒంటరిగా కూర్చుని సగం అన్నం వదిలేసేవారు. మనిషి చిక్కిపోయారు.

ఆ రోజుల్లోనే మా మరిది కువైట్ నుండి సెలవుకు వచ్చాడు. గల్ఫ్ నుండి వచ్చేవారి పెట్టెల్లో ట్యూనా చేప డబ్బాలు ఉండడం మన గోదావరి జిల్లాలవారికి కొత్త కాదు. అతడు ఆ చేపలో మయోనైజ్ కలిపి సలాడ్ చేశాడు. పిల్లలు ఇష్టంగా తిన్నారు. మామగారు చూసి ఊరుకున్నారు.

మయోనైజ్ అంటే గుడ్డుసొన, నూనె కలిపి చిక్కగా గిలకొట్టినది. ఒక పెద్ద చెంచాలోనే సుమారు 10 గ్రాముల కొవ్వు ఉంటుంది. పచ్చిగుడ్డుతో చేసినది త్వరగా చెడి జబ్బు చేస్తుంది కూడా. అందుకే తెలంగాణ ప్రభుత్వం 2024 అక్టోబరులో అటువంటి మయోనైజ్‌ను ఒక సంవత్సరం నిషేధించింది. చేపలో మాత్రం దోషం లేదు. నీటిలో నిలవచేసిన ట్యూనా 100 గ్రాములలో సుమారు 20 గ్రాముల మాంసకృత్తులు, ఒక గ్రాము కొవ్వు ఉంటాయి.

మయోనైజ్ బదులు పెరుగు వేద్దామనుకున్నాము. "చేపతో పెరుగేమిటి?" అని అత్తయ్యగారు ఒప్పుకోలేదు. మేమూ వాదించక శనగలు నానబెట్టాము.

అయిదుగురికి కావలసినవి: నీటిలో నిలవచేసిన ట్యూనా డబ్బాలు 2, ఉడికించిన శనగలు ఒక కప్పు, కీరా దోసకాయ 1, టమాటాలు 2, ఉల్లిపాయ 1, పచ్చిమిరపకాయ 1, నిమ్మకాయ 1, కొత్తిమీర, అర చెంచా మిరియాల పొడి, ఒక చిన్న చెంచా నువ్వుల నూనె.

చేసే విధానం: శనగలు రాత్రి నానబెట్టి, ఉదయం మెత్తగా ఉడికించాలి. సగం శనగలను నిమ్మరసం, నూనె, రెండు చెంచాల శనగ ఉడికిన నీళ్ళు పోసి మెత్తగా మెదపాలి. మయోనైజ్ చేసే పని ఈ ముద్దే చేస్తుంది. డబ్బాలోని నీరు వంపేసి చేపను చేతితో విడదీయాలి. టమాటా గింజలు తీసేసి, కూరగాయలన్నీ సన్నగా తరగాలి. అన్నీ కలిపి, రుచి చూశాకే ఉప్పు వేయాలి. డబ్బా చేపలో ఉప్పు ముందే ఉంటుంది. రక్తపోటు ఉన్నవారికైతే చేపను ఒకసారి మంచినీళ్ళతో కడగడం మేలు.

డబ్బా దొరకనివారు, విశాఖవైపు తూర అనే పచ్చి చేపనే పసుపు, ఉప్పు వేసి ఉడికించి, ముల్లు, తోలు తీసి వాడవచ్చు. అయితే మంచులో పెట్టి అమ్మేవారి దగ్గరే కొనండి. ఎండలో ఉన్న ట్యూనాలో పుట్టే హిస్టమిన్ అనే పదార్థం ఎంత ఉడికించినా పోదు. ఒళ్ళు దద్దుర్లెక్కి తలనొప్పి వస్తుంది. ఉబ్బిన డబ్బా ఎట్టి పరిస్థితిలోనూ తెరవకండి. ఫ్రిజ్ లేని ఇళ్ళలో ఏ పూటది ఆ పూటే తినేయాలి.

ఆ మధ్యాహ్నం పళ్ళెం ముందు పెడితే మామగారు, "ఇది నాకొక్కడికేనా?" అని అడిగారు.

"కాదు మామయ్యగారూ, ఈ పూట అందరికీ ఇదే" అన్నాము.

ఆయన పీట దగ్గరగా జరుపుకున్నారు. పళ్ళెంలో ఏమీ మిగల్చలేదు. ఇంకొంచెం నిమ్మరసం పడితే బాగుండునని మాత్రం అన్నారు. ఆయన వంటకు వంక పెట్టి ఎన్నాళ్ళయిందో! అందుకే ఇప్పుడు ఒకటిన్నర నిమ్మకాయ పిండుతున్నాము.