మద్రాసు మ్యూజిక్ అకాడమీ పత్రిక - లక్ష్యలక్షణ సమన్వయము

సంగీతశాస్త్రమునకు లక్ష్యము, లక్షణము అని రెండు కన్నులు. గాయకుని కంఠమున నున్నది లక్ష్యము. గ్రంథమున నున్నది లక్షణము. లక్ష్యము గురుముఖమున సంక్రమించును గాని గురువుతోనే కొంత గతించును. లక్షణము తాళపత్రమున నిలుచును గాని చదువువారు లేనిచో ఉండియు లేనిదే యగును. ఈ రెంటిని ఒకచోట చేర్చి, ఒకదానితో నొకదానిని పరీక్షించుటకై దక్షిణదేశమున చిరకాలముగా నడచుచున్న పత్రికలలో మద్రాసు మ్యూజిక్ అకాడమీ పత్రిక ముఖ్యమైనది.

1927 డిసెంబరు మాసమున మద్రాసులో జాతీయ కాంగ్రెసు మహాసభతోపాటు అఖిల భారత సంగీత సమ్మేళనము జరిగెను. దాని ఫలముగా 1928లో అకాడమీ అవతరించెను. ఆ యేటి ఆగస్టు 18వ తేదీన సర్ సి. పి. రామస్వామి అయ్యరు దానిని ప్రారంభించిరి. 1930లో అకాడమీ పక్షమున త్రైమాసిక పత్రిక వెలువడెను. వార్షిక సమ్మేళనములందు విద్వాంసులును శాస్త్రజ్ఞులును ఒక్క పీఠమున కూర్చుండి రాగలక్షణములను చర్చించుచుండిరి. ఆ చర్చలను, ఏకీభావము కుదిరిన నిర్ణయములతోపాటు భిన్నాభిప్రాయములను గూడ, ఈ పత్రిక ముద్రించి భద్రపరచెను.

పత్రిక చేసిన రెండవ ఉపకారము గ్రంథ ప్రకాశనము. తంజావూరు నాయకరాజగు రఘునాథుని పేర వెలసిన 'సంగీతసుధ' అను సంస్కృత గ్రంథము మొదట ఈ పత్రికలో భాగములుగా వెలువడి, పిదప 1940లో గ్రంథరూపము దాల్చెను. వేంకటమఖి 'చతుర్దండీప్రకాశిక'ను అకాడమీ 1934లో ప్రకటించెను. పండిత సుబ్రహ్మణ్యశాస్త్రిగారు ఈ రెండింటి పరిష్కరణమున పాలుగొనిరి.

ఇచట ఒక శంక కలుగవచ్చును. నేటి గాయకులు పాడు రాగరూపములు ఆ గ్రంథములలోని రూపములతో పలుచోట్ల సరిపోవు. అట్టి గ్రంథముల ముద్రణము వలన ప్రయోజనమేమి? సమాధానమిది. శాస్త్రము ప్రయోగమును శాసించుటకు మాత్రమే కాదు, ప్రయోగము నడచివచ్చిన త్రోవను చూపుటకును ఉపకరించును. విద్యారణ్యుల 'సంగీతసారము' నేడు లభ్యము కాదు. అందు 15 మేళములు, 50 రాగములు చెప్పబడెనని మనకు తెలియుట సంగీతసుధ వలననే. ఆ యొక్క గ్రంథము చెదలపాలైనచో విజయనగరకాలపు మేళవ్యవస్థను గూర్చిన ఆ సాక్ష్యము కూడ నశించెడిది.

కర్తృత్వ విషయమునను ఇట్లే. సంగీతసుధ రఘునాథ కృతముగా ప్రసిద్ధము. వేంకటమఖియో, దానిని రచించినది తన తండ్రి గోవిందదీక్షితులని చతుర్దండీప్రకాశికలో చెప్పెను. రెండు గ్రంథములు అచ్చుపడి పండితుల చేతికి వచ్చిన పిమ్మటనే ఈ వాక్యములను ప్రక్కప్రక్కన నుంచి విచారించుట అందరికి సాధ్యమయ్యెను. మరియొకటి: 72 మేళకర్తల నామములన్నియు వేంకటమఖియే పెట్టెనని లోకప్రతీతి. గ్రంథమును చూడగా అందు 72 మేళముల ప్రస్తారము కలదు. కాని అతడు పేర్కొని లక్షణము చెప్పినవి నాడు ప్రసిద్ధములైన 19 మేళములే. ప్రతీతిని ప్రమాణముతో సరిచూచుటకు మూలము అందుబాటులో నుండవలెను. ఆ అవకాశమును కలిగించుటయే ఇట్టి పత్రికల పరమార్థము.

ఈ కృషికి వెన్నెముకగా నిలిచినవారు డాక్టర్ వి. రాఘవన్. వీరు 1908లో, సంగీత త్రిమూర్తుల జన్మస్థానమగు తిరువారూరున జన్మించిరి. మద్రాసు విశ్వవిద్యాలయమున సంస్కృతాచార్యులైరి. ఇరువదియైదేండ్లు నిండకమునుపే, 1932, 1933 నాటి సంపుటములలో ప్రాచీన, అర్వాచీన సంగీత గ్రంథకర్తలను గూర్చి వీరు వ్రాసిన వ్యాసములు తరువాతి పరిశోధకులకు దారిదీపములైనవి. 1944 మొదలు 1979లో కీర్తిశేషులగు వరకు అకాడమీ కార్యదర్శిగా నుండి, పత్రికా సంపాదకత్వమును గూడ చిరకాలము నిర్వహించిరి. అలంకారశాస్త్ర పండితుడు సంగీత గ్రంథములను పరిష్కరించుట వలన పాఠశుద్ధి, కాలనిర్ణయము, గ్రంథాంతర సంవాదము అను శాస్త్రమర్యాదలు సంగీత విచారమున నెలకొనెను. వారి యనంతరము టి. ఎస్. పార్థసారథిగారు సంపాదకభారము వహించిరి. త్రైమాసికముగా మొదలైన పత్రిక కాలక్రమమున వార్షికమైనది. పాత సంపుటములు నేడు కంప్యూటరు ద్వారా ఎల్లరకును అందుచున్నవి.

ఆంధ్రులకు ఈ పత్రికతో గల సంబంధము సామాన్యమైనది కాదు. త్యాగరాజస్వామి కృతులలో అత్యధికములు, క్షేత్రయ్య పదములు తెలుగులోనివి. సుబ్బరామ దీక్షితులు 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని'ని 1904లో ఎట్టయపురమునుండి తెలుగునందే ప్రకటించిరి. 1941లో ద్వారం వేంకటస్వామినాయుడుగారు అకాడమీ సమ్మేళనమునకు అధ్యక్షులైరి. అయినను పత్రికలోని వ్యాసములలో అధికభాగము ఆంగ్లమున నుండుటచే, ఆ కృతులను నిత్యము పాడు తెలుగు విద్వాంసులలో పెక్కురకు అది పేరు విన్న పత్రికయే గాని చదివిన పత్రిక కాలేదు. పాట తెలుగు, శాస్త్రము సంస్కృతము, విచారము ఆంగ్లము అయినపుడు పాడువానికి, విచారించువానికి నడుమ గోడ నిలుచును. లక్ష్యలక్షణములను కలుపుటకై పుట్టిన పత్రికకు ఇది మిగిలిపోయిన కొరత.

ఆ కొరతను తీర్చుట అకాడమీ యొక్కదాని పని కాదు. సంస్కృతమును తెలుగును కలిపి బోధించు ప్రాచ్యకళాశాలలకు ఆ రెండు భాషల అధికారము సహజముగా కలదు. పాత సంపుటములలోని మేలిమి వ్యాసములను ఎన్నుకొని, మూలశ్లోకములతో సరిచూచి, తెలుగున వెలయించినచో విద్వాంసునికి శాస్త్రమును, శాస్త్రజ్ఞునికి శ్రోతయు లభింతురు. తాళపత్రమునుండి అచ్చునకు వచ్చిన విద్య, అచ్చునుండి మరల కంఠమునకు చేరినపుడే దాని యాత్ర పూర్ణమగును.