బరువు లెత్తిన పల్లె బాలిక

దక్షిణ మధుర ప్రాంతపు పల్లెలలో సంక్రాంతి దినములయందు యువకులు గుండ్రని పెద్దరాతిని భుజముపైకెత్తి తమ బలమును చూపుట పూర్వమునుండి వచ్చుచున్న ఆచారము. తమిళ సోదరులు ఆ రాతిని ఇళవట్టకల్ అందురు. చిరకాలము అది మగవారి వేడుకగనే సాగినది. స్త్రీలు దానిని చూచుటకే వచ్చెడివారు. ఇంటిలో నీళ్ల బిందెలను, ధాన్యపు మూటలను, చంటిబిడ్డలను మోయునది వారేయైనను, బలమను మాట వినబడినపుడు మనకు పురుషుడే తలపునకు వచ్చును.

ఈ తలపు ఎంత పొరపాటో ఒక తెలుగు పల్లె బాలిక లోకమునకు చూపినది. ఆమెయే కరణం మల్లేశ్వరి. కోయంబత్తూరు, మధుర ప్రాంతములలో కొన్ని శతాబ్దములుగా స్థిరపడిన మన కుటుంబములలో మగ్గముపైనను, మిల్లుకూలిపైనను బ్రతుకువారు అనేకులు. వారి బిడ్డలకు ఈ కథ తెలియవలెనని తలచి, బలమెట్లు కలుగునో కూడ వివరించుచు దీనిని వ్రాయుచున్నాము.

దేహబలమును చూపు విద్యలు పలువిధములు. కండల తీరును, అవయవముల పొందికను చూచి నిర్ణయించునది దేహదారుఢ్య పోటీ. అందు న్యాయనిర్ణేతల కన్నే ప్రమాణము. ఎత్తిన బరువునుబట్టి నిర్ణయించునది వెయిట్ లిఫ్టింగు. అందు ఇనుమే ప్రమాణము. ఇవి రెండును ఏర్పడకమునుపే మనకు సాముగరిడీలు కలవు. ఉత్తరాంధ్రలోని వీరఘట్టమున పుట్టిన కోడి రామమూర్తి నాయుడు చిన్నతనముననే తల్లిని కోల్పోయి, విజయనగరమున పినతండ్రి యింట పెరిగి, మద్రాసులో శిక్షణ పొంది వ్యాయామోపాధ్యాయుడయ్యెను. పిదప సర్కసు నెలకొల్పి, ఒంటికి చుట్టిన ఉక్కు గొలుసును ఊపిరి బిగించి త్రెంచి, కలియుగ భీముడని పేరొందెను. శ్రీకాకుళములోని క్రీడారంగమునకు ఆయన పేరే పెట్టబడినది.

ఆ శ్రీకాకుళమునకు చేరువనున్న ఆమదాలవలస ప్రాంతమున ఊసవానిపేట యను చిన్న పల్లె కలదు. మల్లేశ్వరి అచ్చటనే పెరిగెను. తండ్రి రైల్వే రక్షకదళమున కానిస్టేబులు. ఆ ఒక్క జీతముపై పెద్ద సంసారము సాగవలెను. ఊరి వ్యాయామశాలలో నీలంశెట్టి అప్పన్న అను గురువు బరువులెత్తుట నేర్పుచుండెను. పండ్రెండేండ్ల ప్రాయమున మల్లేశ్వరి ఆ విద్యలో ప్రవేశించెను. ఆమె అక్కచెల్లెండ్రును దానినే అభ్యసించిరి. బక్కపలుచని ఈ పిల్లకు ఇది చేతకాదని ఇతరులు అన్నపుడు, చేతనగునని ధైర్యము చెప్పినది తల్లి.

ఇచ్చట కాలమునుగూర్చి ఒకమాట చెప్పవలెను. పురుషుల బరువులెత్తు పోటీ 1896లో జరిగిన తొలి ఆధునిక ఒలింపిక్సునందే ఉండెను. స్త్రీలకు తొలి ప్రపంచ పోటీ జరిగినది 1987లో మాత్రమే. 1975లో జన్మించిన మల్లేశ్వరికి అప్పటికి పండ్రెండేండ్లు. లోకము స్త్రీలకు తలుపు తెరచిన కాలముననే ఊసవానిపేటలో ఒక బాలిక ఇనుపకడ్డీని పట్టుకొనెను. 1990లో అక్కతోకూడ జాతీయ శిక్షణ శిబిరమునకు పోయినపుడు అచ్చటి విదేశ శిక్షకుడొకరు ఆమె నేర్పును గుర్తించిరి. అటుపిమ్మట ప్రభుత్వ శిక్షణ లభించెను. 1994లో ఇస్తాంబులులోను, 1995లో చైనాలోని గ్వాంగ్‌జౌలోను ఆమె ప్రపంచ విజేతగా నిలిచెను.

ఇంతటి బలము ఎట్లు వచ్చినది? దేహము తన అలవాటునకు మించిన బరువును మోసినపుడు కండరములలోని సన్నని పోగులు కొంత అలయును, కొంత చెదరును. విశ్రాంతి సమయమున, ముఖ్యముగా నిద్రలో, దేహము ఆహారమునందలి మాంసకృత్తులతో వానిని బాగుచేసి మునుపటికన్న దిట్టముగా అల్లును. మగ్గముపై తెగిన పోగును ముడివేయు నేతగానివలె దేహము పనిచేయుననవచ్చును. తొలి వారములలో కండ పెరుగకయే బలము పెరుగును. ఏలయన, ఏ కండరమును ఎప్పుడు బిగింపవలెనో నరములు అప్పుడు నేర్చుకొనును. కావున శ్రమ, ఆహారము, విశ్రాంతి అను మూడును కావలెను. అందొకటి కొరవడినను తక్కిన రెండును వ్యర్థము. చిన్నవయసున బరువులెత్తిన పిల్లలు పొట్టివారగుదురను భయమునకు ఆధారము లేదని నేటి వైద్యులు చెప్పుచున్నారు. అయితే తగిన గురువు ఎదుట, కొలత తప్పక, క్రమముగా నేర్వవలెను.

స్త్రీల వెయిట్ లిఫ్టింగు ఒలింపిక్సులో చేరినది 2000 సంవత్సరమున, సిడ్నీ నగరమున. సెప్టెంబరు 19వ తేదీన 69 కిలోల తరగతిలో మల్లేశ్వరి పోటీకి నిలిచెను. ఈ పోటీయందు ఎత్తుటలు రెండు విధములు. నేలనుండి ఒక్క ఊపున తలపైకెత్తుట స్నాచ్. మొదట భుజములకు తెచ్చి, పిదప తలపైకి నెట్టుట క్లీన్ అండ్ జెర్క్. ఒక్కొక్కదానికి మూడు యత్నములు. ఆమె మొదటిదానిలో 110, రెండవదానిలో 130, మొత్తము 240 కిలోలెత్తెను. చైనా వనిత లిన్ వైనింగ్, హంగరీ వనిత ఎర్జెబెత్ మార్కుష్ ఇరువురును 242.5 కిలోలెత్తిరి. సరిసమానమైనపుడు దేహపు బరువు తక్కువగా నున్నవారిదే గెలుపని నాటి నియమము గనుక స్వర్ణము లిన్‌కు దక్కినది. మల్లేశ్వరి కడపటి యత్నమున స్వర్ణముకొరకు 137.5 కిలోలు ఎత్తబూని విఫలురాలయ్యెను. కాంస్యము లభించెను. ఒలింపిక్ పతకము గెలిచిన తొలి భారత మహిళ ఆమెయే. స్వర్ణమునకును ఆమెకును నడుమ నిలిచినది రెండున్నర కిలోలు. మన యింట పప్పు కొలుచునపుడు దానిని ఒక లెక్కగా తలపము. కాని ఆ రెండున్నర కిలోలు సంపాదించుటకే క్రీడాకారులు సంవత్సరములు వెచ్చింతురు.

పేదరికమే గొప్పవారిని పుట్టించునని కొందరందురు. మేమట్లు చెప్పజాలము. లేమివలన అరకడుపుతో పెరిగి, తమ శక్తిని తామే యెరుగక పోయిన బిడ్డలు పల్లెపల్లెనను కలరు. మల్లేశ్వరికి ధనము లేకున్నను కాదనని తల్లి కలదు. నడచిపోదగిన దూరమున గురువు కలడు. పిదప ప్రభుత్వపు ఆదరువు కలిగినది. ఈ మూడింటిలో ఏది లేకున్నను ఆమె పేరు మనము వినియుండము. 2021లో ఢిల్లీ క్రీడా విశ్వవిద్యాలయమునకు ఆమెను తొలి ఉపకులపతిగా నియమించిరి. పొందినదానిని పదిమందికి పంచు అవకాశము అట్లు లభించినది.

ఇక మా తప్పును చెప్పుకొనవలెను. కొన్నేండ్ల క్రిందట పరీక్షలు దగ్గరపడుచున్నవని పైతరగతుల బాలికల వ్యాయామపు గంటను లెక్కల పాఠమునకు మార్చితిమి. బాలుర గంటను మార్చలేదు. ఆ భేదము మాకు తోచనైనను లేదు. కొన్ని దినములకు మిల్లుపనికిపోవు ఒక తల్లి వచ్చి, “అయ్యా, మా పిల్ల దినమూ కొళాయికాడ నుంచి పది బిందెలు మోస్తాది. మోసేదానికి పనికొచ్చే పిల్ల ఆడేదానికి పనికిరాదా?” అని అడిగినది. మాకు బదులు దొరకలేదు. మరుసటి వారమే ఆ గంటను తిరిగి ఏర్పరచితిమి.

తలిదండ్రులను మేము కోరునది స్వల్పము. ఇంటిలో గ్రుడ్డు ఒక్కటే ఉన్నపుడు అది కొడుకు కంచములోనికే పోవు అలవాటును మానుడు. రాగిసంకటి, పప్పు, వేరుసెనగలు, పాలు, ఉన్నంతలో అందరికిని సమముగా పెట్టుడు. ప్రొద్దుపోవువరకు పనిచెప్పక ఆడపిల్లను నిద్రపోనిండు. విద్యార్థినులారా, మీరందరును పతకములు తేవలెనని మేము చెప్పము. మీ దేహమున ఎంత బలమున్నదో మీరు తెలిసికొనవలెను. దానికి పాఠశాలలో ఒక గంట కలదు. ఆ గంటకు తప్పక రండు.