పొద్దుటికి దిగిపోద్ది!

కువైట్‌లో రాత్రి ఎనిమిదిన్నర అయ్యేసరికి రాజోలులో పదకొండవుతుంది. అక్కడ ఇంటిపని ముగించుకుని, వంటగది సర్దేసి అమ్మ వీడియో కాల్ చేసే వేళ అది. రాజోలు, మలికిపురం, సఖినేటిపల్లి వైపు ఆ కాల్ కోసం మేలుకుని ఉండే ఇళ్లు చాలానే ఉన్నాయి. అమ్మ మాట్లాడుతున్నంతసేపూ ఇంట్లో ఇంకెవరూ నెట్ జోలికి పోకూడదు. పోతే అమ్మ మొహం గళ్లుగళ్లుగా విడిపోతుంది, మాట తెగితెగి వస్తుంది, అమ్మమ్మ చిరాకు పడుతుంది. కాల్ అయ్యి, అమ్మమ్మ మంచమెక్కాక గానీ ఇంటర్ చదివే మనవడు కంప్యూటర్ దగ్గరికి రాడు. డెబ్భయ్యో ఎనభయ్యో జీబీల ఆట. ఇన్‌స్టాల్ నొక్కి, మానిటర్ ఆపేసి, ఫ్యాన్ కింద చాప పరుచుకుంటాడు.

"ఏరా, ఆ పెట్టె ఇంకా గుయ్యిమంటోంది, ఆపలేదేంట్రా?"

"ఉండనీ అమ్మమ్మా, పొద్దుటికి దిగిపోద్ది."

పేర్లు మారతాయి, కువైట్ బదులు మస్కట్ అవుతుంది, దుబాయ్ అవుతుంది. అమలాపురంలో అయితే గల్ఫ్ కాల్ స్థానంలో ఇంటి నుంచి సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసే అన్నయ్య మీటింగ్ ఉంటుంది, లేదా చెల్లి ఆన్‌లైన్ క్లాసు. రాత్రంతా కంప్యూటర్ వెలిగించి పడుకోవడం పెద్దవాళ్లకి పిల్లల పిచ్చిలా కనిపిస్తుంది. నాకు అందులో బుద్ధిమంతుడి లక్షణం కనిపిస్తుంది. ఉన్న ఒక్క కనెక్షన్ మీద ఇంటిల్లిపాదీ బతుకుతున్నప్పుడు, తన వంతుని అందరూ నిద్రపోయాక పెట్టుకున్న కుర్రాడు వాడు. ఆ సర్దుబాటు చేసుకునేది వాడొక్కడే. వాడి రాత్రిని ఎనభై జీబీలతో నింపుతున్న కంపెనీలు మాత్రం ఎంతకాలమైనా సర్దుకోనవసరం లేదన్నట్టు ఉంటున్నాయి. ఈ కథనం రాయాలనిపించింది అందుకే.

రాత్రి డౌన్‌లోడ్ అలవాటు మనకి కొత్తది కాదు. 2005 జనవరిలో బీఎస్‌ఎన్‌ఎల్ 'డేటావన్' బ్రాడ్‌బ్యాండ్ మొదలుపెట్టింది. అప్పటి కుర్రాళ్లకి, అంటే ఇప్పుడు నలభైకి దగ్గర పడుతున్నవాళ్లకి, 'హోమ్ 500' అనే ప్లాన్ పేరు చెబితే చాలు, కళ్లు మెరుస్తాయి. నెలకి 2.5 జీబీ వాడుకోవచ్చు, ఆపైన ప్రతి ఎంబీకీ బిల్లు. కానీ రాత్రి 2 గంటల నుంచి పొద్దున్న 8 గంటల వరకు ఎంత దించినా లెక్కలోకి రాదు. ఇంకేముంది, డౌన్‌లోడ్ మేనేజర్‌లో టైము పెట్టుకుని పడుకోవడమే. 2 గంటల 5 నిమిషాలకి మొదలు, 7 గంటల 55 నిమిషాలకి ఆఖరు. ఆ అయిదేసి నిమిషాలు ఎందుకంటే, మనింటి గడియారమూ ఎక్స్‌ఛేంజీ గడియారమూ ఒకలాగే నడుస్తాయన్న భరోసా లేదు. ఎనిమిది దాటి ఓ పావుగంట లైను తెరిచి ఉంటే ఆ నెల టెలిఫోన్ బిల్లు చూసి నాన్నగారు ఏమంటారో అందరికీ తెలుసు.

ఆ ఆరుగంటల్లో ఏమి దిగేది? తొలినాళ్ల 256 కేబీపీఎస్ వేగంతో రాత్రంతా ఆగకుండా దిగితే దాదాపు 690 ఎంబీ, ఒక సీడీకి సరిపడా. తర్వాత 2 ఎంబీపీఎస్ వచ్చాక, ఆ వేగం పూర్తిగా అందిన రాత్రి 5.4 జీబీ. జీటీఏ శాన్ ఆండ్రియాస్ ఒక్క డీవీడీలో పట్టిన ఆట కాబట్టి, ఒక మంచి రాత్రితో అయిపోయేది. అయితే ఆ రోజుల్లో దిగిన ఆటల్లో చాలా వరకు దొంగ కాపీలేనన్నది కూడా నిజం. కొనుక్కుందామన్నా కార్డు లేదు, ధర డాలర్లలో ఉండేది. కంప్యూటర్ ఆటలు అమ్మే ఆన్‌లైన్ దుకాణం స్టీమ్‌లో ధరలు రూపాయల్లో కనిపించింది 2015 చివర్లో. ఆ తర్వాతే మన ఊళ్ల పిల్లలు దసరా, సంక్రాంతి డబ్బులు దాచుకుని సేల్‌లో ఆటలు కొనడం నేర్చుకున్నారు.

2016లో జియో వచ్చింది. మొదటి ప్లాన్లలో రాత్రి 2 నుంచి 5 వరకు హద్దు లేదు. మళ్లీ అదే రెండు గంటల అలారం.

ఆ ఏడాది చివర్లోనే కోనసీమకి అసలైన మలుపు వచ్చింది, అదీ సఖినేటిపల్లి మండలం మోరి గ్రామంలో. అమెరికాలో బర్కిలీ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పే సోలమన్ డార్విన్‌ది ఆ ఊరే. ఆయన చొరవతో మోరిని స్మార్ట్ విలేజ్‌గా ఎంచుకున్నారు. 2016 డిసెంబర్ 29న అప్పటి ముఖ్యమంత్రి చంద్రబాబు నాయుడు అక్కడే ఫైబర్ నెట్ ప్రారంభించారు. నెలకి 149 రూపాయలకి టీవీ, ఫోను, 15 ఎంబీపీఎస్ ఇంటర్నెట్ ఇస్తామన్నారు. మరుసటి ఏడాది డిసెంబర్ 27న రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ దాన్ని రాష్ట్రానికంతా అంకితం చేశారు. రైలు కూత ఇంకా వినిపించని కోనసీమలో, జీడిపప్పుకి పేరుపడ్డ ఒక సముద్రతీరపు ఊరికి గాజు తీగ ముందు చేరింది. 15 ఎంబీపీఎస్ ఆగకుండా అందితే ఎనిమిది గంటల నిద్రలో 54 జీబీ దిగుతుంది. 2015లో కంప్యూటర్‌కి వచ్చిన జీటీఏ ఫైవ్‌కి 65 జీబీ కావాలి, డిస్కుల మీద అయితే ఏడు డీవీడీలు. అంటే మొదటి రాత్రి అయ్యేది కాదు గానీ రెండో రాత్రి భోజనాలయ్యేసరికి ఆడుకోవచ్చు.

అయితే ఆ తీగని భూమిలో పాతలేదు. ఖర్చు తగ్గాలని, పని త్వరగా అవ్వాలని కరెంటు స్తంభాల మీదుగా లాగారు. ప్రైవేటు కేబుల్ వాళ్లు ఎప్పుడూ చేసేది అదే. కోనసీమలో స్తంభం పక్కన ఏముంటుంది? కొబ్బరిచెట్టు. ఎండిన మట్ట ఎప్పుడు రాలుతుందో చెట్టుకే తెలియాలి. మట్ట పడి తీగ తెగితే ఆ వీధంతా నెట్ పోతుంది, పొద్దున్నే కేబుల్ అబ్బాయికి ఫోన్లు. "ఆయ్, రాత్రి మట్ట పడిందండి, జాయింటు వేయాలండి, మధ్యాహ్నానికి ఇచ్చేత్తాం" అంటాడు. అతనూ ఏం చేస్తాడు పాపం, గాజు పోగుని అతికే మెషీన్ అయిదారు ఊళ్లకి ఒక్కటి ఉంటుంది. ఇక తుపాను వస్తే చెప్పక్కర్లేదు. 2025 అక్టోబర్ 28 రాత్రి మొంథా నర్సాపురం దగ్గర తీరం దాటినప్పుడు చెట్లూ స్తంభాలూ కలిసి కూలాయి.

కరెంటు సంగతి వేరే చెప్పాలి. ల్యాప్‌టాప్‌కి బ్యాటరీ ఉంటుంది కాబట్టి కరెంటు పోయినా బతుకుతుంది, రౌటర్ చచ్చిపోతుంది. ఇన్వర్టర్ ఉన్న ఇళ్లలోనూ దానికి ఫ్యాన్లూ లైట్లే కలిపి ఉంటాయి. రౌటర్ ప్లగ్గుని ఇన్వర్టర్ లైనుకి మార్పించుకోవడం ఎలక్ట్రీషియన్‌కి అరగంట పని. రౌటర్ కోసమే చేసిన చిన్న బ్యాటరీ పెట్టెలు కూడా ఇప్పుడు దొరుకుతున్నాయి. అంతా చేసినా ఏదో ఒక రాత్రి మధ్యలో ఆగుతుంది. పూర్వం బ్రౌజర్లో దించుతుంటే తొంభై శాతం దగ్గర ఆగిన ఫైలు చెత్తబుట్టకే. స్టీమ్ లాంటివి అలా చేయవు. ఆట మొత్తాన్ని ఎంబీ పరిమాణంలో చిన్నచిన్న ముక్కలు చేసి పంపుతాయి, వచ్చిన ప్రతి ముక్కనీ సరిచూసుకుంటాయి. కొబ్బరికాయల లారీ దించేటప్పుడు చెడిన కాయని పక్కనపెట్టి దాని బదులు ఇంకోటి అడుగుతారే తప్ప లారీ మొత్తాన్ని వెనక్కి పంపరు కదా, అలా. అందుకని రాత్రి ఒంటిగంటకి కరెంటు పోయి రెండున్నరకి వస్తే, పోయింది గంటన్నరే.

ఎక్కువమంది దెబ్బతినేది మట్టల వల్లా కరెంటు వల్లా కాదు, ఒక చిన్న సెట్టింగ్ వల్ల. అరగంట ఎవరూ ముట్టుకోకపోతే విండోస్ నిద్రలోకి జారుకుంటుంది, దాంతో పాటే డౌన్‌లోడ్. పొద్దున్న ఆశగా లేచి చూస్తే ఆరు శాతం. పవర్ సెట్టింగ్స్‌లో 'స్లీప్' అన్నచోట 'నెవర్' పెట్టాలి, 'స్క్రీన్ ఆఫ్' మాత్రం అయిదు నిమిషాలకే ఉంచుకోవచ్చు. ల్యాప్‌టాప్ మూత వేస్తే కూడా నిద్రపోతుంది, దానికి వేరే సెట్టింగ్ ఉంది. మూత వేసి పరుపు మీద పెట్టి పడుకునేవాళ్లున్నారు. మే నెల ఉక్కపోతలో అది అసలు చేయకూడని పని. కింద గాలి ఆడే రంధ్రాలు పరుపులో కూరుకుపోతాయి. బల్ల మీద, గోడకి బెత్తెడు ఎడంగా పెట్టాలి. కరెంటు బిల్లు గురించి అమ్మమ్మ బెంగపడాల్సిన పని లేదు. ల్యాప్‌టాప్ రాత్రంతా దించినా అర యూనిట్ దాటడం అరుదు.

ఇంకో ఇబ్బంది ఉంది, అనుభవం ఉన్నవాళ్లు కూడా దాని దగ్గర కంగారు పడతారు. ఉదయం నాలుగున్నరకి మెలకువ వచ్చి చూస్తే నెట్ గీత సున్నా దగ్గర పడుకుని ఉంటుంది. ఆగిపోయిందనుకుని ఆపేసి మళ్లీ మొదలుపెడతారు. నిజానికి అప్పుడు పని డిస్క్ మీద జరుగుతోంది. ఆట కుదించిన రూపంలో వస్తుంది, దాన్ని విప్పి తగిన చోట్లలో సర్దాలి. పాత హార్డ్ డిస్క్ అయితే ఈ సర్దుడు గంటలు పడుతుంది. డిస్క్ లైటు మినుకుమంటున్నంతసేపూ చెయ్యి పెట్టకూడదు. అప్‌డేట్ అయితే మరీను, కొన్ని ఆటలు పాత ఫైలు పక్కనే కొత్త ఫైలు పూర్తిగా రాసుకుని ఆ తర్వాతే పాతది తీసేస్తాయి. పది జీబీ అప్‌డేట్‌కి యాభై జీబీ ఖాళీ అడిగేది అందుకే.

ఇక సొంత కేబుల్ లేని ఇళ్లు. ఫోన్ హాట్‌స్పాట్ మీదే కంప్యూటర్ నడిపేవాళ్లు లంక గ్రామాల్లో ఇప్పటికీ ఉన్నారు. రోజుకి 2 జీబీ ప్యాక్‌తో 80 జీబీ ఆట దించాలంటే నలభై రోజులు, అదీ ఇంకేమీ చూడకుండా. 2022 మే 24న అమలాపురంలో అల్లర్లు జరిగాక జిల్లాలో మొబైల్ ఇంటర్నెట్‌ని దాదాపు రెండు వారాలు ఆపేశారు. అప్పుడు ఆటల గురించి బాధపడే తీరిక ఎవరికీ లేదు. ఇంటి నుంచి ఉద్యోగం చేసేవాళ్లు ల్యాప్‌టాప్ బ్యాగులు తగిలించుకుని సిగ్నల్ దొరికే పక్క జిల్లాల ఊళ్లకి వెళ్లారు. ఒక్క తీగ మీద, ఒక్క సిగ్నల్ మీద ఎన్ని బతుకులు వేలాడుతున్నాయో ఆ రోజుల్లో అందరికీ తెలిసొచ్చింది.

అలాంటి తీగ మీద ఆటల కంపెనీలు 150 జీబీ మోపుతున్నాయి. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2కి 150, బాల్డర్స్ గేట్ 3కి 150. బొమ్మలు అంత అందంగా ఉంటాయి మరి, బరువు తప్పదు అంటారు. కొంతవరకు నిజమే. కానీ 2014లో వచ్చిన టైటాన్‌ఫాల్ చూడండి. 48 జీబీల ఆటలో 35 జీబీలు కుదించని శబ్దాలే. తక్కువ రకం ప్రాసెసర్ల మీద భారం పడకూడదని అలా ఉంచామన్నారు. హెల్‌డైవర్స్ 2 సంగతి ఇంకా విడ్డూరం. పాత హార్డ్ డిస్కుల్లో త్వరగా తెరుచుకోవాలని ఒకే ఫైలుని పలుచోట్ల కాపీ చేసి పెట్టారు, ఆట 154 జీబీకి చేరింది. తీరా పరీక్షించి చూస్తే ఆ కాపీల వల్ల ఒరిగింది కొన్ని సెకన్లే. 2025 డిసెంబర్‌లో వాటిని తీసేసి 23 జీబీకి తెచ్చారు. ఆటా అదే, బొమ్మలూ అవే. పేద కంప్యూటర్ ఉన్నవాడి మేలు కోరి చేశామన్న పని, వాడి చేతే రెండు మూడు రాత్రులు అదనంగా కాపలా కాయించింది. నాకు కోపం వచ్చేది ఇక్కడే. బరువు తగ్గించడం చేతనైన పనే అని వాళ్లే రుజువు చేశారు కదా. ఏ భాష శబ్దాలు కావాలో, 4కె బొమ్మలు కావాలో వద్దో మమ్మల్ని అడిగి పంపమనడం పెద్ద కోరికేమీ కాదు. సామాన్య మానిటర్ ఉన్న కొత్తపేట కుర్రాడికి 4కె ఎందుకు?

అంతవరకూ మన పిల్లలు కనిపెట్టిన దారి ఒకటుంది. ఫైబర్ ఉన్న ఇంట్లో ఒకడు దించుతాడు, మిగతా స్నేహితులు కాపీ చేసుకుంటారు. ఎవరి ఖాతాలో వాళ్లు ఆట కొనుక్కుని ఉంటే ఇందులో తప్పేమీ లేదు. 2023 నుంచి ఒకే రౌటర్ కింద ఉన్న రెండు కంప్యూటర్ల మధ్య స్టీమ్ తనే ఆటని పంపిస్తోంది, బయటి నెట్ వాడకుండానే. వేరే ఊళ్లో ఉన్నవాడికైతే ఆట ఫోల్డర్‌ని హార్డ్ డిస్క్‌లో పెట్టి ఇవ్వాలి. వాడు దాన్ని తన స్టీమ్ ఫోల్డర్లో సరైన చోట దించి ఇన్‌స్టాల్ నొక్కితే, ఉన్న ఫైళ్లని సరిచూసుకుని లేనివి మాత్రమే తెచ్చుకుంటుంది. ఎనభై జీబీ పని కొన్ని వందల ఎంబీలతో తేలిపోతుంది. హార్డ్ డిస్క్‌ని మాత్రం బండి డిక్కీలో పడేసి గతుకుల మీద తీసుకెళ్లకండి, లోపల తిరిగే పళ్లెం దెబ్బతింటుంది. తువ్వాల్లో చుట్టి భుజానున్న బ్యాగులో పెట్టుకోండి.