పెన్‌డ్రైవ్ మొరాయిస్తోందా? పారేయకండి!

రేపు ప్రాజెక్టు రివ్యూ. పెన్‌డ్రైవ్ పెడితే 'ప్లీజ్ ఇన్‌సర్ట్ డిస్క్' అంటోంది. ఫార్మాట్ చేద్దామంటే 'రైట్ ప్రొటెక్టెడ్' అని మొండికేస్తోంది. ఇక చెత్తబుట్టకే అనుకుంటున్నారా? ఆగండి. కొన్నిసార్లు చెడిపోయేది మెమరీ చిప్ కాదు, దాన్ని నడిపించే ఫర్మ్‌వేర్.

లోపల ఏముంది?
పెన్‌డ్రైవ్‌లో ముఖ్యమైనవి రెండు. ఫైళ్లు దాచే నాండ్ ఫ్లాష్ చిప్, దానికి మేనేజర్‌లాంటి కంట్రోలర్. ఏ బ్లాకు బాగుంది, ఏది పాడైందనే లెక్క చూసేది కంట్రోలరే. కాపీ అవుతుండగా డ్రైవ్ లాగేస్తే ఆ లెక్క తప్పొచ్చు. అప్పుడు సైజు సున్నా అని చూపిస్తుంది.

ముందు ఈ ప్రశ్న
అందులోని ఫైళ్లు కావాలా? అయితే ఏ టూలూ నడపకండి. రిపేరు చేస్తే డేటా మొత్తం పోతుంది. డేటా రికవరీ నిపుణుల దగ్గరికి వెళ్లండి. ఫైళ్లతో పనిలేదు, డ్రైవ్ పనిచేస్తే చాలు అనుకుంటేనే ముందుకెళ్లండి.

ఎలా చేయాలి?
* చిప్‌జీనియస్‌లాంటి టూల్‌తో కంట్రోలర్ మోడల్, ఫ్లాష్ ఐడీ తెలుసుకోండి. పైనున్న బ్రాండ్ పేరు నమ్మొద్దు. ఒకే మోడల్‌లో వేర్వేరు కంట్రోలర్లు ఉండొచ్చు.
* ఫైసన్, ఆల్కార్, సిలికాన్ మోషన్... ఏ కంట్రోలర్‌కు ఆ ఎంపీ టూల్ (మాస్ ప్రొడక్షన్ టూల్) వేరు. ఇవి ఫ్యాక్టరీల కోసం చేసినవి. కొత్త చిప్‌లకు పనికొచ్చేలా ఔత్సాహికులు మార్చినవీ దొరుకుతాయి. వెర్షన్ సరిపోకపోతే డ్రైవ్ పూర్తిగా మూగబోవచ్చు.
* టూల్ చెడిన బ్లాకులను పక్కనపెట్టి ఫర్మ్‌వేర్‌ను మళ్లీ రాస్తుంది. సైజు కాస్త తగ్గితే కంగారు పడకండి.
* చివర్లో హెచ్2టెస్ట్‌డబ్ల్యూతో డ్రైవ్ నిండా రాయించి, తిరిగి చదివించి చూడండి. నకిలీ సైజు డ్రైవ్‌లూ ఇక్కడే దొరికిపోతాయి.

జాగ్రత్త!
మార్చిన టూల్ వెంట వైరస్ రావొచ్చు. ముఖ్యమైనవేవీ లేని పాత కంప్యూటర్‌లోనే, నెట్ తీసేసి నడపండి. ఫర్మ్‌వేర్ మారిస్తే పెన్‌డ్రైవ్ కీబోర్డులా నటించి కమాండ్లు ఇవ్వగలదని 2014లో బ్లాక్‌హ్యాట్ సదస్సులో కార్‌స్టెన్ నోల్, యాకోబ్ లెల్ చూపించారు. 'బ్యాడ్‌యూఎస్‌బీ' అంటే అదే. ఇక, బాగుచేసిన డ్రైవ్‌ను సినిమాలకు వాడుకోండి, సర్టిఫికెట్లకు వద్దు.

ఇంటర్వ్యూలో పనికొస్తుందా?
తప్పకుండా. ఎంబెడెడ్, హార్డ్‌వేర్ సపోర్టు, డేటా రికవరీ ఉద్యోగాలకు వెళ్తుంటే ప్రతి ప్రయత్నాన్నీ నోట్‌బుక్‌లో రాసుకోండి: కంట్రోలర్ ఏది, ఏ ఎర్రర్ వచ్చింది, ఏం మార్చారు. 'ట్రబుల్‌షూటింగ్ తెలుసు' అని రెజ్యూమెలో అందరూ రాస్తారు. ఎలా చేశారని అడిగితే మీ దగ్గర చెప్పడానికి ఒక కథ ఉంటుంది. డ్రైవ్ బాగుపడకపోయినా సరే!